అన్న కంటికి కొలిచిన అద్దం

ఏం పని చేస్తావని ఎవరైనా అడిగితే వెలుగుకు తలుపులు చేస్తానని చెప్తాను. అవతలివాళ్ళు నా మొహంలోకి ఒకసారి చూసి, ఏదో చెక్క వ్యాపారం అనుకుని, వాళ్ళ వంటింటి అల్మారా సంగతి ఎత్తుతారు. ఓపిగ్గా మళ్ళీ విడమరచి చెప్పే రకం కాదు నేను. బ్యాగులోంచి ఒక అద్దం ముక్క తీసి చిన్న బ్యాటరీ తగిలిస్తాను. అద్దం టక్కున నల్లబడుతుంది. తీసేస్తే మళ్ళీ తేటబడుతుంది. అప్పుడు వాళ్ళు తెరిచే నోళ్ళు చూడడం నాకు సరదా, ఆ సంగతి దాచుకోను.

ఆ అద్దంలో మంత్రమేమీ లేదు. రెండు గాజు పలకల మధ్య, వెంట్రుక కూడా దూరనంత సందులో, ద్రవ స్ఫటికం ఉంటుంది. సీసాలో ఉన్నప్పుడు చూస్తే అచ్చం గంజి. వేడి చేస్తూ పోతే ఒకచోట ఉన్నట్టుండి నీళ్ళలా తేటపడిపోతుంది, చల్లారితే మళ్ళీ గంజి అవుతుంది. అందులోని అణువులు పుల్లల్లాంటివి. వాటికి ఎటు పడుకోవాలో మనమే చెప్పాలి. గాజు మీద పలచని పూత పూసి, ఆరాక, వెల్వెట్ గుడ్డతో ఒకే దిక్కుకు రుద్దుతాం, పిల్లకి తల దువ్వినట్టు. ఎటు దువ్వితే అణువులు అటే ఒద్దికగా పడుకుంటాయి. కరెంటు ఇస్తే లేచి నిలబడతాయి. ముందూ వెనకా అంటించిన పొరల సాయంతో, అవి పడుకున్నప్పుడు వెలుగు దాటుతుంది, లేచినప్పుడు ఆగిపోతుంది. నా బతుకంతా ఈ నాలుగు ముక్కల్లో ఉంది.

కార్ఖానా అనే పేటలో ఒక మేడ మీద మా చిన్న వర్క్‌షాపు. దుమ్ము మా శత్రువు కాబట్టి చెప్పులు మెట్ల దగ్గరే వదలాలి, తలకు టోపీ పెట్టుకోవాలి. వెల్వెట్ మాత్రం రెజిమెంటల్ బజార్‌లో కొంటాను. మొదటిసారి వెళ్ళి ప్రతి తానునూ చెంపకేసి రుద్దుకుని చూస్తుంటే దుకాణాయన "జాకెట్టుకా అమ్మా?" అన్నాడు. గాజుకు అన్నాను. ఇప్పుడు నేను మెట్లెక్కుతుంటేనే "గాజు మేడమ్ వచ్చింది, దువ్వే గుడ్డ తియ్యి" అని లోపలికి కేకేస్తాడు.

మా అన్నది మెట్టుగూడలో గేట్లు, గ్రిల్లుల షాపు. ముందు షాపు, వెనక ఇల్లు. నేను పుట్టకముందు నుంచీ మా ఇంట్లో వెల్డింగ్ చప్పుడు ఉంది. అన్న చేతిలో రాడ్ పడితే రెండు ఇనప ముక్కల మధ్య గీత సన్నజాజి దండ గుచ్చినట్టు ఒకే తీరుగా సాగుతుంది. ఆ పనంటే అతనికి ప్రాణం. పండగ రోజు ఖాళీగా కూర్చోబెడితే సాయంత్రానికి తలనొప్పి వస్తుంది.

కొన్నేళ్ళ కిందట గ్రైండర్ పడుతుంటే ఇనప రవ్వ ఎగిరి అతని ఎడమ కంట్లో పడింది. ఆ కన్ను దక్కలేదు. కంటి డాక్టర్ గారు అతన్నీ మా వదిననీ ఎదురుగా కూర్చోబెట్టి, ఇక మిగిలింది ఒక్కటే, వెల్డింగ్ వెలుగు దీనిమీద ఉత్తగా పడకూడదు, పడిందంటే ఇదీ పోతుంది అని చెప్పారు. వదిన ఏడ్చింది. అన్న తలూపి, బయటికొచ్చాక "ఇంకోటున్నది గద" అన్నాడు. నాకు ఒళ్ళు మండిపోయింది.

పని మానడని మాకందరికీ తెలుసు. అసలు చిక్కు ఇంకోచోట ఉంది. వెల్డింగ్ చేసేవాళ్ళు ఒక చేత్తో నల్లద్దం ఉన్న షీల్డు పట్టుకుంటారు. ఆ అద్దంలోంచి మామూలప్పుడు ఏమీ కనబడదు. అందుకని రాడ్ కొసను అతుకు దగ్గరికి ఉత్త కంటితో చూసి తెచ్చి, అప్పుడు షీల్డు అడ్డం పెట్టి అంటిస్తారు. రెండు కళ్ళున్నవాడికి అదొక అలవాటు. ఒక కన్ను పోయాక దూరం అందడం మానేసింది. రాడ్ అతుక్కి ఇవతలో అవతలో తగులుతోంది. అందుకని అన్న షీల్డు పక్కనుంచి తొంగిచూడడం మొదలుపెట్టాడు. నిప్పు అంటుకున్నాక గానీ తల లోపలికి తీసుకోడు. ప్రతి అతుక్కీ ఒకసారి ఆ ఒంటి కంటిని మంటకు చూపిస్తున్నాడన్నమాట.

తనంతట తనే నల్లబడే హెల్మెట్లు బజార్లో ఉన్నాయి. నుదుటి దగ్గర వెలుగును పసిగట్టే చిన్న కళ్ళుంటాయి. నిప్పు అంటుకోగానే అద్దం నల్లబడుతుంది, ఆరగానే తేటపడుతుంది. తొంగిచూసే పనే లేదు. ఒకటి కొనుక్కొచ్చి ఇచ్చాను. అన్న ఒక కిటికీ గ్రిల్లు అతికించి, హెల్మెట్ తీసి బల్ల మీద పెట్టాడు.

"మూలకెల్లి వెలుగు కారుతుందే చెల్లె. కన్ను గుంజుతుంది."

"కొత్త సామాను కదా, నీకు నచ్చదు. అలవాటు చేసుకో."

"అలవాటు కాదే. కారుతుంది అంటున్న."

నేను పెట్టుకుని చూశాను. ఎక్కడా కారడం లేదు. మొండితనమే అనుకుని గొడవపడ్డాను కూడా. తర్వాత అతను పని చేస్తుంటే పక్కనే కూర్చుని చూశాను. ఎడమ కన్ను పోయినప్పటినుంచీ అన్న తల కొంచెం ఎడమకు తిప్పి, కుడి కంటిని మధ్యకు తెచ్చుకుంటున్నాడు. అంటే అద్దంలోంచి ఎదురుగా చూడడం లేదు, ఏటవాలుగా చూస్తున్నాడు. ఇలాంటి అద్దాలు ఎదురుగా చూస్తే చిక్కగా నల్లబడతాయి, ఏటవాలుగా చూస్తే ఒక పక్క నలుపు పలచబడుతుంది. ఏ పక్క అన్నది గాజును ఎటు దువ్వామన్నదాన్ని బట్టి ఉంటుంది. లోకంలో చేసినవాళ్ళంతా రెండు కళ్ళవాళ్ళను దృష్టిలో పెట్టుకుని దువ్వారు. ఆ సాయంత్రం నేను కార్ఖానాకు తిరిగొస్తూ ఆటోలో నవ్వుకున్నాను. ఇది నాకు చేతనైన పని.

అన్నను కుర్చీలో కూర్చోబెట్టి, మొహానికి అట్టముక్క కట్టి, అతని చూపు ఎక్కడ దాటుతోందో సుద్దతో గీసుకున్నాను. దర్జీ కూడా అన్ని కొలతలు తీసుకోడని విసుక్కున్నాడు. ఆ గీత ప్రకారం గాజును కొత్త దిక్కులో దువ్వాను. పరీక్ష బల్ల మీద అద్దాన్ని ఏటవాలుగా పెట్టి చూస్తే, అన్న చూసే వైపు నలుపు కాటుకలా చిక్కగా ఉంది. ఎదురుగా చూసేవాళ్ళకు అది ఓ మోస్తరు అద్దమే. అన్న కంటికి మాత్రం దానికి సాటి లేదు.

దాన్ని కొన్న హెల్మెట్‌లోనే బిగించాను, అంతా కుదురుకోవడానికి ఒక వేసవి పట్టింది. మొదట పోసిన మిశ్రమం మే నెల ఎండకూ ఎర్రగా కాలిన ఇనుముకూ తట్టుకోలేక లోపల్లోపలే నీరైపోయింది. అద్దం నల్లగా బిగుసుకుని ఇక తెరుచుకోలేదు. "నీ గంజి ఉడికిపోయిందే" అని అన్న షాపంతా వినబడేలా నవ్వాడు. ఎక్కువ వేడికి ఓర్చుకునే మిశ్రమం తయారుచేసి, మరుగుతున్న కెటిల్ పక్కన పెట్టి మరీ చూపించాను. దాంతో నోరు మూశాడు. ఆ హెల్మెట్ పెట్టుకుని పెద్ద గేటొకటి మొత్తం అతికించి, కన్ను నులుముకోకుండా అన్నానికొచ్చాడు. వదిన నా కంచంలో ఒక గరిటె ఎక్కువే వడ్డించింది.

తర్వాత దసరా వచ్చింది.

వర్క్‌షాపులున్న ఇళ్ళల్లో దసరా అంటే పనిముట్ల పండగ. పనిముట్లన్నీ కడిగి, తుడిచి, ఒక వరసలో పెట్టి పసుపు రాసి కుంకుమ బొట్లు పెడతారు. డ్రిల్లుకు, గ్రైండర్‌కు, సుత్తికి, వెల్డింగ్ మిషన్‌కు, ఆఖరికి టేపుకు కూడా. ఆ పని మా ఇంట్లో వదినది. ఆ ఏడు ఆమె అన్నిటికంటే ముందు హెల్మెట్‌ను పీట మీద పెట్టింది. తన మొగుడి కంటిని కాపాడే వస్తువు కదా. గంధం తడిపినట్టు చిక్కగా పసుపు కలిపి, హెల్మెట్ నుదుటి మధ్యన పెద్ద బొట్టు పెట్టి, దాని నడుమ కుంకుమ అద్ది, బంతిపూల దండ వేసింది. ఎంత కళగా ఉందో అనుకున్నాను నేను. పూజలో పెట్టిన బొట్టును ఎవరూ చేత్తో తుడవరు. పని చేసుకుంటూ పోతే దానంతటదే రాలిపోవాలి. మా నాన్న కాలంనుంచీ అంతే.

మర్నాడు పొద్దున షాపు తెరిచాక తొలి అతుకు అన్నే వెయ్యాలి. నేనూ వదినా గడప దగ్గర నిలబడ్డాం. అన్న హెల్మెట్ దించుకుని, తల ఎడమకు తిప్పి, ఒక పాత ఇనప పట్టీ మీద రాడ్ అంటించాడు.

భగ్గుమంది. రాడ్ చెయ్యి జారి కింద పడింది. అన్న హెల్మెట్ విసిరేసి, చేతులతో గాల్లో వెతుక్కుంటూ అక్కడే కూలబడ్డాడు.

"చెల్లె... ఏం కనవడ్తలేదే. నాకేం కనవడ్తలేదు."

అతని గొంతు ఎప్పుడూ అలా వినలేదు నేను. వదిన పరుగెత్తుకొచ్చి అతని తలను పొట్టకు హత్తుకుంది. మేం డాక్టర్ దగ్గరికి వెళ్ళేసరికే అతనికి కళ్ళముందు పచ్చటి మరక చుట్టూ కొంచెం కొంచెం కనబడడం మొదలైంది. పరీక్ష చేసి, కంటికేమీ కాలేదన్నారు. కంటిని కాల్చే కనబడని కిరణాలను ఆపే పూత ఆ అద్దం మీద ఎప్పుడూ ఉంటుంది, అది తన పని తను చేసింది. కళ్ళు జిగేలుమనిపించే వెలుగు మాత్రం లోపలికొచ్చేసింది. రెండు కళ్ళున్నవాడైతే కాసేపటికి సర్దుకుంటుందని ఓర్చుకునేవాడు. అన్నకు మాత్రం ఆ కాసేపూ లోకం మొత్తం పోయింది.

ఇంటికొచ్చాక హెల్మెట్ చేతిలోకి తీసుకున్నాను. వెలుగును పసిగట్టే చిన్న కళ్ళు సరిగ్గా వదిన బొట్టు కింద ఉన్నాయి. పసుపు గట్టిగా ఎండి వాటిని మూసేసింది. మంట వచ్చిందని అద్దానికి తెలియనే లేదు.

ఆ మాట బయటికి పొక్కడానికి ఎంతసేపు. పరామర్శకు వచ్చిన మా మేనత్త కాఫీ గ్లాసు పక్కన పెట్టి, "మొగుని కంటికి ఎసరు పెట్టె గద, ఏం బొట్టమ్మా అది" అంది. వదిన వంటింట్లో గోడకు ఆనుకుని వింటోంది.

"అత్తా, నీ బొట్టు యాడున్నది?" అన్నాను.

"యాడుంటది? నొసటి మీద."

"మరి హెల్మెట్‌కు ఏడ పెట్టాలె? చెవికా? నొసలు జాగ బొట్టుది. ఆ జాగల కండ్లు పెట్టింది అద్దం చేసినోళ్ళు. అద్దం చేసింది నేను. ఏమన్న అనేదుంటే నన్ను అను."

అత్త కాఫీ తాగకుండానే లేచింది. నేను ఆపలేదు. కానీ వదిన విషయంలో ఆ గెలుపు పనికిరాలేదు. ఆ రోజునుంచి ఆమె షాపు గడప దాటలేదు. అన్నానికి పిలవాలన్నా వెనక తలుపు దగ్గరే నిలబడి కేకేసేది. ఒకసారి బలవంతంగా చెయ్యి పట్టుకుని లాగితే, "నా చెయ్యి మంచిది కాదు, వద్దు" అంది. కన్ను బాగైనా ఆమె బాగవలేదు. అది నన్ను అన్న కన్నంతగానూ బాధపెట్టింది.

అన్న ఇంకోలా చెడ్డాడు. "నువ్వు చేసినవ్ గాబట్టి నమ్మిన. ఇగ నమ్మ" అని హెల్మెట్‌ను అటక మీద పడేసి, పాత షీల్డు దులిపాడు. పక్కనుంచి తొంగిచూడడం మళ్ళీ షురూ. అప్పుడప్పుడూ నేను వెళ్ళేసరికి కన్ను ఎర్రగా, నీళ్ళు కారుతూ ఉండేది. దుమ్ము పడింది అనేవాడు. డాక్టర్ గారు చెప్పింది మా ఇద్దరికీ గుర్తుంది.

బొట్టు పక్కకు పెట్టమని చెప్పొచ్చు కదా అన్నారు మా వర్క్‌షాపులో. ఇంట్లో ఒక్కరికి చెప్పొచ్చు. ఇవాళ బొట్టు, రేపు చెమట గుడ్డ, ఎల్లుండి మసి. మనిషి బతుకులో అడ్డం వచ్చేవి సవాలక్ష ఉంటాయి. వాటన్నిటికీ భయపడుతూ వాడుకోవాల్సిన వస్తువు నా చేతిలోంచి బయటికి వెళ్ళకూడదు. అసలు తప్పు నాకు అద్దం స్వభావంలోనే కనబడింది. అది ఏమీ తెలియనప్పుడు తెరిచి ఉంటోంది. తెలియనప్పుడు మూసి ఉండాలి.

అందుకని అటక మీది హెల్మెట్ తెచ్చుకుని రెండో అద్దం చేశాను. మొదటిది ఉన్నచోటే ఉంది, మంట కనబడగానే రెప్పపాటుకంటే ముందు మూసుకునేది అదే. దాని వెనక ఇంకొకటి, స్వభావం పూర్తిగా ఎదురు. కరెంటు లేకపోతే నల్లగా ఉంటుంది, ఇస్తేనే తెరుచుకుంటుంది. ఆ కరెంటు ఎప్పుడివ్వాలో నుదుటి కళ్ళే చెప్తాయి. మామూలు పగటి వెలుగు వాటికి కనబడితేనే ఇవ్వాలి. ఏమీ కనబడకపోతే, బొట్టే అడ్డం వచ్చినా గుడ్డే అడ్డం వచ్చినా, వెనక అద్దం మూసుకునే ఉంటుంది. చెప్పడానికి ఇంతే. వెనక అద్దాన్ని కూడా అన్న చూపుకే దువ్వాలి, రెండూ కలిశాక కూడా తెరిచినప్పుడు తేటగా ఉండాలి, వేడికి ఆగాలి. ఎన్ని గాజులు పగలగొట్టానో, ఎంతమందిని తిట్టానో నాకే గుర్తులేదు. రెజిమెంటల్ బజార్ ఆయన దగ్గర ఒక రంగు వెల్వెట్ తాను మొత్తం అయిపోయింది. కుదురుతుందా అన్న అనుమానం మాత్రం నాకు ఒక్కరోజూ రాలేదు.

మళ్ళీ దసరాకు హెల్మెట్ సంచిలో వేసుకుని మెట్టుగూడ వెళ్ళాను. షాపులో పనిముట్లు వరసగా ఉన్నాయి. బొట్లు పెడుతున్నది అన్నే. ఒక్కోటీ ఒక్కో సైజులో, ఒకటి వంకరగా, ఒకటి కారిపోతూ. నేను హెల్మెట్‌ను పీట మీద పెట్టి, సరాసరి ఇంట్లోకి వెళ్ళి పసుపు గిన్నె వదిన చేతిలో పెట్టాను.

"రా వదినా. హెల్మెట్‌కు నువ్వే పెట్టాలె."

"నన్ను పరేషాన్ చెయ్యకు. నేను రాను."

"పోయినసారి యాడ పెట్టినవో గాడనే పెట్టు. గంతే పెద్దది."

ఆమె నావైపు పిచ్చిదాన్ని చూసినట్టు చూసింది. నేను చెయ్యి వదల్లేదు. చాలా రోజుల తర్వాత వదిన ఆ గడప దాటింది. పీట మీది హెల్మెట్ ముందు కూర్చుంది గానీ వేలు ముందుకు కదలడం లేదు. అన్న గోడకు ఆనుకుని చూస్తున్నాడు. ఆఖరికి వదిన కళ్ళు మూసుకుని, నుదుటి మధ్యన పసుపు పెట్టి, కుంకుమ అద్దింది. బొట్టు గుండ్రంగానే వచ్చింది.

"పెట్టుకో అన్నా. రాడ్ పట్టకు. ఉత్తగ పెట్టుకో."

మొండివాడే అయినా నా మాట కొట్టిపారేసే అన్న కాదు కాబట్టి, తీసుకుని దించుకున్నాడు. తల ఎడమకు తిప్పాడు. అటూ ఇటూ కదిపాడు. షాపు తలుపులు బార్లా తెరిచి ఉన్నాయి, బయట పట్టపగలు.

"చెల్లె," అన్నాడు లోపల్నుంచి. "ఏం కనవడ్తలేదు."

వదిన నోటికి కొంగు అడ్డం పెట్టుకుంది. నాకు మాత్రం ఆ మాట వినగానే కళ్ళల్లో నీళ్ళు ఉబికి, వాటితోపాటే నవ్వూ వచ్చేసింది. "అసలేం కనవడ్తలేదా?" అని గట్టిగా అడిగాను, ఇంకోసారి వినాలని.

"అసలే లేదు. చీకటి. ఏందే నవ్వుతున్నవ్?"

"వదినా, ఇప్పుడు తుడువు."

"పూజ బొట్టు..." అంది వదిన.

"నువ్వే పెట్టినవ్, నువ్వే తుడువు. పాపముంటే నాది."

వదిన లేచి అతని ఎదురుగా నిలబడింది. ఆ పసుపూ కుంకుమా నేల మీద రాలనివ్వకుండా బొటనవేలితో మెల్లగా తీసి, హెల్మెట్ కిందనుంచి చెయ్యి పోనిచ్చి తడుముకుంటూ అతని నుదుటికి రాసింది. మిగిలిన మరకను కొంగుతో తుడిచింది. అద్దం తెరుచుకుంది.

అన్న కదలకుండా నిలబడ్డాడు. తల ఎడమకు తిప్పి, ఆ ఒక్క కంటితో ఎదురుగా ఉన్న మనిషినే చూస్తున్నాడు.

"ఆఁ," అన్నాడు. "ఇప్పుడు కనవడ్తున్నవ్."